తిరుపాలమ్మ కడియం

నెగడుకొండ మీద కత్తిబడి నడిపే సోమిదేవమ్మకు ఒక అలవాటు ఉండేది. శిష్యులు ఏ సందేహం అడిగినా వెంటనే జవాబు చెప్పేది కాదు. "దానికి తగ్గ పని వచ్చినప్పుడు చూద్దాంలే" అని ఊరుకునేది. తగ్గ పని రాక నాలుగేళ్ళుగా జవాబు దొరకని సందేహాలు కూడా ఆ బడిలో ఉన్నాయి. అడిగినవాళ్ళు వాటిని మరిచిపోయారు గాని, ఆమె మరిచిపోలేదు.

ఒక సాయంత్రం కేదారి అడిగాడు: "అమ్మా, మనసుకత్తికి అన్నిటికంటే బలమిచ్చే భావం ఏది?"

జవాబు తనకు తెలుసనే ధీమాతోనే అడిగాడు. నలుగురి ముందూ అది గురువు నోట వినాలని అతని ముచ్చట. మనసుకత్తికి అలుగు ఉండదు. జానెడు పిడి, అందులో ఆకాశం నుంచి రాలిన రాయి ఒకటి, అంతే. పట్టుకున్నవాడి మనసులో ఏముంటే అది వెలుగై లేచి కోస్తుంది. మనసులో ఏమీ లేనివాడి చేతిలో అది ఉత్త పిడి. అందుకని శిష్యులు తలా ఒక జ్ఞాపకాన్ని దాచుకుంటారు, పిడి పట్టగానే దాన్ని తలుచుకుంటారు. పొయ్యి రాజేసేది చితుకులతో కాబట్టి దాన్ని చితుకు అంటారు. ఎవరి చితుకు ఏమిటో అడగకూడదన్నది బడి మర్యాద. రంగు మాత్రం అందరికీ తెలుసు, వంటసాల గోడ మీద ప్రతి పేరు పక్కనా పూసి ఉంటుంది. కేదారి పేరు పక్కన ఉన్నది జాజు. అతని కత్తి మూరెడు వెడల్పున ఎర్రగా లేచి బండను ఒక్క వేటుకు చీల్చేది. ఆ సంగతి అందరికంటే ఎక్కువగా కేదారికే తెలుసు.

అతని చితుకు పన్నెండేళ్ళ నాటిది. వాళ్ళ ఊళ్ళో ఒక పెళ్ళిలో, పంక్తిలో కూర్చున్న తొమ్మిదేళ్ళ కేదారిని తిరుపాలమ్మ అనే ఆవిడ రెక్క పట్టి లేపింది. చనిపోయిన తన కూతురి కడియం ఎత్తుకుపోయిన దొంగ వీడేనంది. కేదారి ఏడుస్తూ విస్తట్లో అన్నం ముట్టి ఒట్టేశాడు. పసివాడు అన్నం మీద అబద్ధం ఆడతాడా అని ఊరంతా ఆమెను దులిపేసింది. చివరికి ఆమె చేతనే వాడికి దండం పెట్టించారు. ఆ 'దొంగ' అన్న మాట తలుచుకుంటే చాలు, కేదారికి ఒళ్ళు మండేది. ఆ మాటకు ముందు జరిగినదాని జోలికి మాత్రం అతను ఎన్నడూ పోలేదు.

మూడో రోజు ఉదయం సోమిదేవమ్మ అతన్ని పిలిపించింది. "నీ సందేహానికి పని వచ్చింది, రా."

వాకిట్లో తిరుపాలమ్మ కూర్చుని ఉంది. బాగా ముసలిదైపోయింది. ఆమె ఎడమ చేయి మణికట్టు నుంచి వేళ్ళ దాకా వాచి నల్లబడుతోంది. వాపులో సగం పూడుకుపోయి కడియం కనిపిస్తోంది. అది ఆకాశలోహం, కంసాలి ఆకురాయికి లొంగదు. పొద్దుగుంకేలోగా కడియాన్ని కొయ్యకపోతే చేయి దక్కదని వైద్యుడు చెప్పి పంపాడట. సోమిదేవమ్మ చేతులు వణకడం మొదలై ఆరేళ్ళయింది, ఆమె పిడి పట్టలేదు. మిగతా శిష్యులు ఒకరి తర్వాత ఒకరు ప్రయత్నించారు. ఒకడి కత్తి భయంతో వణికింది, ఒకడిది జాలితో మసకగా లేచి ఆరిపోయింది. ఇక మిగిలింది కేదారి.

అతను పిడి పట్టాడు. ఎదురుగా ఆ మనిషే ఉండగా కోపానికి కొదవేమిటి? కత్తి భగ్గున లేచింది, మూరెడు వెడల్పున. ఆ వెడల్పుతో కోస్తే కడియంతో పాటు చెయ్యీ పోతుంది.

"కేదారివే కదా నాయనా!" అంది తిరుపాలమ్మ, ఆ మంటకు జంకకుండా. "నువ్వు ఈడ ఉండావని విన్నా. చేతి కోసమే కాదు, నీకు ఒక మాట చెప్పుకుందామని కూడా కొండెక్కినా. మొన్న బావి పూడిక తీస్తే అడుగున కడియం దొరికింది. అప్పట్లో నా చెయ్యి సన్నం, నీళ్ళు చేదేటప్పుడు నా చేతినించే జారిపోయుంటాది. నూనె పూసుకుని మరీ ఎక్కించుకున్నా, నా బిడ్డ మళ్ళీ వచ్చినట్టయింది. నిన్ను ఊరికే దొంగన్నాను. పన్నెండేళ్ళు నీ ఉసురు పోసుకున్నా. మన్నించు నాయనా."

అని, బాగున్న చేయి ఎత్తి దండం పెట్టబోయింది. రెండోసారి.

ఎర్రకత్తి ఆరిపోయింది. కేదారి 'దొంగ' అన్న మాటను తలుచుకున్నాడు, రాజుకోలేదు. మళ్ళీ తలుచుకున్నాడు. చుట్టూ అందరూ చూస్తున్నారు, ముసలమ్మ వేళ్ళు నల్లబడుతున్నాయి, అతని చేతిలో ఉత్త పిడి ఉంది. సిగ్గుతో తల ఎత్తలేకపోయాడు. ఆ సిగ్గును కూడా దాచాలని చూశాడు, పిడి పలకలేదు.

"నీ చేతినించి జారలేదు," అన్నాడు చివరికి. "గూట్లోంచి నేనే తీశాను. తళతళలాడుతోందని తీశాను. భయమేసి బావిలో వేశాను."

అప్పుడు లేచింది కత్తి. రంగు లేదు, చప్పుడు లేదు, వెంట్రుకంత సన్నం. చర్మానికీ లోహానికీ మధ్య దూరి కడియాన్ని రెండు చోట్ల కోసింది. ఒక్క చుక్క నెత్తురు రాలేదు. రెండు ముక్కలూ గచ్చు మీద పడ్డాయి.

తిరుపాలమ్మ చాలాసేపు చేతిని చూసుకుంది. ఆ తర్వాత అతన్ని చూసింది.

"అన్నం ముట్టి ఒట్టేసినావు కదరా," అంది.

ముక్కలు రెండూ కొంగున ముడేసుకుని, మజ్జిగ తాగి పొమ్మన్నా ఆగకుండా కొండదారి పట్టింది.

కాసేపటికి కేదారి తడిగుడ్డ పట్టుకుని వంటసాలకు వెళ్ళాడు. అక్కడ సోమిదేవమ్మ కందిపప్పులో రాళ్ళు ఏరుతోంది. అతను తన పేరు పక్కనున్న జాజును రుద్దుతూ, ఆమె ముఖం చూడకుండా అడిగాడు: "అమ్మా, దానికి రంగే లేదు. ఇక్కడ ఏం పూయమంటారు?"

ఆమె చేటలోంచి తల ఎత్తలేదు.

"గోడ ఎక్కడికీ పోదు నాయనా. ఆ ముసలమ్మ మాత్రం ఈపాటికి సగం కొండ దిగి ఉంటుంది."