వెడల్పయిన ఏటిదారి

"దారమ్మా దారమ్మా, ఎటు పోతున్నావే?
ఏటికి పోతున్నా, నీళ్ళకు పోతున్నా.
ఏటికి పోయొస్తూ నాకేమి తెస్తావే?"

మా చిన్నతనంలో బిందెలు పట్టుకుని నీళ్ళకు పోతూ ఈ పాట పాడేవాళ్ళం. దారి ఏం తెస్తానందో, ఆ చరణం ఎంత తలుచుకున్నా నాకిప్పుడు గుర్తు రావడం లేదు. పోనివ్వండి, కథ చెబుతాను.

బూరుగుకోన అనే అడవి ఒకటి ఉండేది. అందులో ఏనుగులు, అడవిదున్నలు, కణుజు దుప్పులు, కుందేళ్ళు, ఉడుములు, కోతులు ఉండేవి. కొండమీది నుంచి ఏటిదాకా వాటన్నిటికీ ఒకటే దారి. ఆ దారి మధ్యలో రెండు పెద్ద బండల నడుమ ఒక ఇరుకు ఉండేది. అక్కడ ఒకరు పోతుంటే ఇంకొకరు ఆగాల్సిందే.

ఎవరు ఆగాలి? దానికి ఆ అడవిలో ఒక పద్ధతి ఉంది. దాహంతో దిగేవాళ్ళు ముందు పోవాలి. నీళ్ళు తాగి ఎక్కేవాళ్ళు ఆగాలి. ఏనుగైనా సరే, కడుపులో నీళ్ళుంటే పక్కకు జరిగి నిలబడాల్సిందే. ఎంత మంచి పద్ధతో చూడండి. ఎవరు పెట్టారో మాత్రం ఎవరికీ తెలియదు.

ఆ ఇరుకు పక్కనే భల్లమ్మ అనే ముసలి ఎలుగుబంటి కాపురం. ఆమెకు ముందుకాలు ఒకటి కుంటి. చెట్టెక్కి పళ్ళు కోసుకోలేకపోయేది. అందుకని దగ్గరలో దుంపలు తవ్వి, బండ సందులో పట్టిన తేనె రాసి, ముంగిట్లో ఆకులమీద పెట్టేది. ఆగినవాళ్ళు కూర్చుని తినేవారు. తిన్నవాళ్ళు ఊరికే పోయేవారు కాదు. మళ్ళీ వచ్చేటప్పుడు ఒకరు నేరేడుపళ్ళు, ఒకరు ఇప్పపూలు తెచ్చి ఆమె ముందు పెట్టేవారు. ఉత్త దుంపలతో ఎలుగు కడుపు నిండదు గదా. ఆ పళ్ళతోనే ఆమె బతుకు.

పక్క చెట్టుకింద ఒక కోతి కూర్చుని వచ్చినవాళ్ళకు పేలు చూసేవాడు. పేలు చూస్తూ అందరి సంగతులూ అందరికీ చెప్పేవాడు. కుందేళ్ళ పెళ్ళిసంబంధాలన్నీ అక్కడే కుదిరేవి.

దారికి అవతలి పక్క పెంకులమ్మ అనే అలుగు ఉండేది. అలుగును మీరు చూసి ఉండరు. ఒళ్ళంతా పెంకులు, పొడుగు నాలుక. చీమలూ చెదలూ తింటుంది. నిదానంగా నడుస్తుంది. ఎక్కువ మాట్లాడదు.

ఒక వేసవిలో అడవిదున్నలకు విసుగొచ్చింది.

"ఆగి ఆగి కాళ్ళు లాగుతున్నాయి పెద్దయ్యా," అని ఏనుగు పెద్దయ్య దగ్గర మొరపెట్టుకున్నాయి. "ఆ బండలు దొర్లించి దారి వెడల్పు చేయించు. నలుగురం పక్కపక్కన పోతాం."

ఏనుగు పెద్దయ్య మంచివాడే. దారి పక్కన ఉండేవాళ్ళందరినీ పిలిచి అడిగాడు. "మీ ముంగిళ్ళు పోతాయి. మీకు సమ్మతమేనా?"

అందరికన్నా ముందు భల్లమ్మ లేచింది.

"నా ముంగిలి తీసుకో పెద్దయ్యా! ఇరుకులోనే ఇంతమంది నా దుంపలకు ఎగబడుతున్నారు. దారి వెడల్పయితే నాలుగింతలు వస్తారు. రెండు పూటలా తవ్వినా చాలవు."

కోతి తల గోక్కున్నాడు. "మరి నా చెట్టో?"

"అడవిలో చెట్లకు కరువా, పేలకు కరువా?" అంది భల్లమ్మ. అందరూ నవ్వారు. కోతి కూడా నవ్వాడు, కొంచెం.

అప్పుడు పెంకులమ్మ మెల్లగా ముందుకు వచ్చింది. "నాదొక మనవి పెద్దయ్యా. మా బొరియ దారికి అటుపక్క, పుట్టలన్నీ ఇటుపక్క. దున్నలు పరుగు తీస్తే నా పిల్లలు దాటలేరు. దారి కింద ఒక తూము తవ్వుకుంటాను. కూలకుండా పైన ఒక పలకరాయి వేయించు."

భల్లమ్మ పకపకా నవ్వింది. "చూశావా పెద్దయ్యా! అడవంతా వెలుగులోకి పోదామంటే ఈమె కన్నంలోకి పోతానంటోంది. చీమలు తినీ తినీ బుద్ధి కూడా చీమంతే అయింది."

"అవును వదినా, చీమంతే," అంది పెంకులమ్మ. "చీమకు కూడా అటూ ఇటూ పోవాల్సిన పని ఉంటుంది గదా."

పెద్దయ్య పలకరాయి ఇచ్చాడు. ఒక్కటే ఇచ్చాడు. ఇంకెవరూ అడగలేదు మరి.

పదిరోజులు ఏనుగులు బండలు దొర్లించాయి, పొదలు పీకాయి. భల్లమ్మ ముంగిలి గడపదాకా పోయింది. బండలతో పాటు సందులోని తేనెపట్టూ పోయింది. కోతి చెట్టు కూలిపోయింది. కోతి ఎటు వెళ్ళాడో ఎవరికీ తెలియలేదు. ఎవరు ఎటు వెళ్ళారో చెప్పేవాడు వాడే గదా.

కొత్త దారిమీద మొదటిరోజు భల్లమ్మ దుంపలు గుట్టగా పోసి కూర్చుంది. దున్నలు నాలుగు నాలుగుగా వచ్చాయి. దుమ్ము రేపుకుంటూ వెళ్ళిపోయాయి. కణుజులు వచ్చాయి. అవీ వెళ్ళిపోయాయి.

"అల్లుడూ! ఓ కణుజు అల్లుడూ! దుంపలున్నాయి, రా!"

"ఇవాళ తొందర అత్తా! రేపొస్తా!"

రేపు కూడా అదే మాట. ఎల్లుండి మాట కూడా లేదు. దాహంతో దిగేదెవరో, తాగి ఎక్కేదెవరో ఇప్పుడు ఎవరూ చూడటం లేదు. దుంపలమీద దుమ్ము పేరుకుంది. భల్లమ్మ తుడిచింది. మళ్ళీ పేరుకుంది. మళ్ళీ తుడిచింది. ఎన్నిసార్లని తుడుస్తుంది?

ఒకరోజు ఆ కణుజు కాలిలో ముల్లు దిగి కాసేపు నిలబడ్డాడు. భల్లమ్మ కుంటుకుంటూ దగ్గరకు పోయింది.

"నిజం చెప్పు అల్లుడూ. నా దుంపలు చెడిపోయాయా?"

"అబ్బే, దుంపలకేం అత్తా! అప్పుడు ఆగక తప్పేది కాదు. ఆగాం గనక తినేవాళ్ళం." ముల్లు ఊడగానే అతను వెళ్ళిపోయాడు.

భల్లమ్మ దుంపల దగ్గరకు తిరిగి వచ్చింది. ఇన్నేళ్ళూ ఆమెకు ఈ సంగతి తట్టనే లేదు.

ఏనుగు పెద్దయ్య ఒకసారి అటుగా పోతూ అడిగాడు. "దారి బాగుందా భల్లమ్మా?"

"బాగుంది పెద్దయ్యా. అందరూ పోతున్నారు," అంది ఆమె.

ఆ వారంలోనే ఒక ముసలి ఉడుము పట్టపగలు దారి దాటబోయి దున్నల కాళ్ళకింద పడి చనిపోయాడు. దున్నలు చెడ్డవేం కావు. ఆగడం మరిచిపోయాయి, అంతే.

ఆ రోజు నుంచి కుందేళ్ళు, ఉడుములు, ముళ్ళపందులు పెంకులమ్మ తూములోంచి దాటడం మొదలుపెట్టాయి. తూము ఒక్కరు పట్టేంతే. ఇటునుంచి ఒకరు దూరితే అటువాళ్ళు ఆగాలి. ఆగినవాళ్ళు నోరు మూసుకుని ఉండలేరు గదా. ఫలానా మోడుకింద చెదలు పట్టాయని ఒకరు, ఫలానా గట్టున కొత్త పుట్ట లేచిందని ఒకరు పెంకులమ్మకు చెప్పేవారు. ఆమె పిల్లలు ఆ ఏడు బాగా ఒళ్ళు చేశారు.

భల్లమ్మ మాత్రం చిక్కిపోయింది. కొన్నాళ్ళు ఉత్త దుంపలు తిన్నది. తర్వాత దుంపలు తవ్వే ఓపిక కూడా లేక గడపలో పడుకుంది. పెంకులమ్మ తూములోంచి దూరి ఆమె దగ్గరకు వచ్చింది.

"వదినా, లే."

"నవ్వి పోదామని వచ్చావా?"

"నవ్వే తీరిక నాకెక్కడుంది? తూము దగ్గర పన్నెండుమంది ఆగి ఉన్నారు. ఆకలంటున్నారు."

"చీమలు పెట్టు."

"కుందేళ్ళు చీమలు తినవు వదినా."

భల్లమ్మకు నవ్వొచ్చింది. దాచుకుందామనుకుంది గానీ దాగలేదు. పెంకులమ్మ పిల్లలు తవ్వి తెచ్చిన దుంపలు పట్టుకుని మెల్లగా లేచింది.

ఆమె తూములో పట్టదు. దాని నోటి దగ్గర కూర్చుంది. వచ్చేవాళ్ళు చిన్నవాళ్ళు. ఒక్కో దుంపను ఆరు ముక్కలు చేయాల్సి వచ్చేది. వాళ్ళు తెచ్చేవీ చిన్నవే. ఒకరు రెండు ఉసిరికాయలు, ఒకరు నాలుగు రేగుపళ్ళు. తేనె మళ్ళీ దొరకలేదు. మునుపు వచ్చినంత ఎన్నడూ రాలేదు. కడుపు సగమే నిండేది. అయినా బతికింది.

ఒకనాడు తూము దగ్గర ఆగిన కుందేలొకటి చిరాకుపడింది.

"పెంకులమ్మ పిన్నీ, ఇది మరీ ఇరుకు. కాస్త వెడల్పు చేయించరాదూ? ఇద్దరం ఒకేసారి పోతాం. ఈ ఆగే బాధ తప్పుతుంది."

పెంకులమ్మ భల్లమ్మ వైపు చూసింది. భల్లమ్మ కుంటికాలు చాపుకుని, ఒక ముక్క తీసి కుందేలు చేతిలో పెట్టింది.

"వద్దు నాయనా," అంది. "కూర్చో. అటువాళ్ళు వచ్చేస్తారు. ఈలోపు ఇది తిను."

నీతి: మన దగ్గర పదిమంది ఎందుకు ఆగుతున్నారో తెలుసుకోకుండా, వాళ్ళు ఆగే చోటును చేతులారా పోగొట్టుకోకూడదు. దారి వేసేవాళ్ళు కూడా దానిమీద పరుగెత్తేవాళ్ళ మాటతో పాటు, దాన్ని దాటేవాళ్ళ గోడూ వినాలి.