కుంకుమ భరిణె దాటిపోయిన ఇల్లు

అనగనగనగా, గోదారి గట్టు పక్కన ఒక ఊరుంది బుజ్జీ. ఆ ఊళ్ళో మనుషుల కంటే పూలకుండీలే ఎక్కువ. ఎటు చూసినా మొక్కల తోటలే. ఒక తోటలో బుల్లెమ్మ అని ఒక పిల్ల మామిడి అంట్లు కట్టేది. అదే తోటలో సూరిబాబు అని ఒకాయన గులాబీ అంట్లు కట్టేవాడు.

ఏంటీ, తాతయ్య పేరు కూడా సూరిబాబేనా? లోకంలో ఒక్కడే ఉంటాడేంటి సూరిబాబు? ఊఁ కొట్టు ముందు.

ఆ ఇద్దరూ పెళ్ళి చేసుకుందామనుకున్నారు. అప్పుడు బుల్లెమ్మ ఏమందంటే, "మన పెళ్ళి ఎవరి పెళ్ళిలాగానూ ఉండకూడదు. చిన్నగా, నవ్వుకుంటూ అయిపోవాలి" అంది. పందిరి వద్దంది, మామిడి చెట్ల నీడ చాలంది. మేళం వద్దంది, తోటలో వాళ్ళే నీళ్ళ డబ్బాలు వాయిస్తారంది. ముహూర్తం అసలే వద్దంది, పొద్దున్నే మొక్కలకి నీళ్ళు పెట్టడం అయ్యాక తాళి కట్టేయమంది. ముప్పై విస్తళ్ళు వేస్తే చాలంది.

సూరిబాబు పగలబడి నవ్వి సరేనన్నాడు. ఊళ్ళోవాళ్ళు ముక్కున వేలేసుకున్నారు. బుల్లెమ్మకి మాత్రం ఎంత గర్వమో! పద్ధతులన్నీ తనే మార్చేసినట్టు తల ఎగరేసుకుని తిరిగేది.

ఆ తర్వాత సూరిబాబు వాళ్ళమ్మ వచ్చి, "అన్నీ నీ ఇష్టప్రకారమే కానీయ్ తల్లీ. పిలుపులు మాత్రం బొట్టు పెట్టి పిలవాలి" అంది. సరే, ఆ ఒక్కటీ ఒప్పుకుంది బుల్లెమ్మ. కుంకుమ భరిణె పట్టుకుని కాబోయే అత్తాకోడళ్ళిద్దరూ బయల్దేరారు. ఒక్కో ఇంటికీ వెళ్ళడం, ఆ ఇంటావిడ నుదుట బొట్టు పెట్టడం, "మా పెళ్ళికి రావాలి" అనడం.

ఆ వీధిలోనే బుల్లెమ్మ పెద్దమ్మ ఉండేది. మాణిక్యం ఆవిడ పేరు. బుల్లెమ్మకి అమ్మ లేదు. నాన్న తెల్లారి తోటకి పోతే చీకటి పడ్డాకే వచ్చేవాడు. అన్నం కలిపి పెట్టిందీ, తల దువ్విందీ, జ్వరమొస్తే పక్కన కూచుందీ ఆ పెద్దమ్మే. పెద్దమ్మకి చిన్న వయసులోనే మొగుడు పోయాడు.

వీళ్ళు రావడం పెద్దమ్మ అరుగు మీంచి చూసింది. గబగబా కొంగుకి చేతులు తుడుచుకుని లేచి నిలబడింది. అప్పుడు సూరిబాబు వాళ్ళమ్మ మెల్లిగా, "ఆ ఇల్లు వద్దమ్మా. మొగుడు పోయిన మనిషికి బొట్టెలా పెడతావు? తర్వాత నోటితో చెబుదువుగానిలే" అంది.

పందిరి వద్దన్న నోరు, మేళం వద్దన్న నోరు, ముహూర్తం వద్దన్న నోరు, అప్పుడు పెగల్లేదు. పెద్దమ్మ నిలబడే ఉంది. నేను తల దించుకుని దాటిపోయాను.

ఆఁ, అవును. నేనే. తాతయ్య కూడా ఆ సూరిబాబే. నవ్వకు. ఇక్కడ నవ్వేదేం లేదు.

ఆ మర్నాడు కుళాయి దగ్గర ఆడవాళ్ళందరూ చేరారు. అందరి నుదుటా నేను పెట్టిన కుంకుమే. ఒకావిడ, "ఏం మాణిక్యం, నిన్ను పిలవలేదా ఏంటి?" అని అడిగేసింది. పెద్దమ్మ ఏమందో తెలుసా? "పిలవడమేంటే! పెళ్ళి చేసేదాన్నే నేను. ఇంట్లోవాళ్ళని ఎవరైనా బొట్టు పెట్టి పిలుచుకుంటారా?" అని నవ్వేసింది. మందార కంచె ఇవతల నేను బిందె పట్టుకుని నిలబడి విన్నాను. నా పరువు కోసం ఆవిడ అబద్ధమాడింది బుజ్జీ. ఆ సిగ్గుకి ఒళ్ళంతా కాలిపోయింది.

అప్పుడు వెళ్ళి పిలుద్దామనుకున్నాను. మొదటిసారి సందు మొగదాకా వెళ్ళి వెనక్కి వచ్చేశాను. రెండోసారి గుమ్మం దాకా వెళ్ళి, "జల్లెడుందా పెద్దమ్మా?" అని అడిగి జల్లెడ పట్టుకొచ్చాను. ఎంత తెలివో చూడు మీ అమ్మమ్మకి!

ఇక పెళ్ళి రోజు వచ్చేసింది. మొక్కలకి నీళ్ళు పెట్టేశారు. డబ్బాల మోత మొదలైంది. తాతయ్య తాళి చేతిలోకి తీసుకుని, "పెద్దమ్మేదీ?" అన్నాడు.

నేను వినపడనట్టు పూలదండ సర్దుకున్నాను. మళ్ళీ అడిగాడు. మూడోసారి అడిగేసరికి ఏడుపొచ్చేసింది. "నేను పిలవలేదు" అన్నాను, అందరి ముందూ. డబ్బాలు ఆగిపోయాయి.

తాతయ్య తాళి వాళ్ళమ్మ చేతిలో పెట్టి, "మనకి ముహూర్తం లేదుగా. గులాబీలకి ఇంకోసారి నీళ్ళు పెడతాను. వెళ్ళి పిలుచుకురా" అన్నాడు. వాళ్ళమ్మ నా వంక చూడలేదు. ఆవిడే భరిణె తీసి నా చేతిలో పెట్టింది.

పెళ్ళికూతురు చీరతో వీధంతా పరిగెత్తాను. అరుగు మీద ఎవరూ లేరు. వెనక పెరట్లో ఉంది పెద్దమ్మ. కొత్త చీర కట్టుకుని, తల దువ్వుకుని, పీట మీద కూచుంది. తయారై కూచున్నట్టు దారినపోయేవాళ్ళకి కనపడకూడదని పెరట్లో కూచుంది బుజ్జీ. ఎప్పట్నుంచి కూచుందో.

"బొట్టు పెట్టనా పెద్దమ్మా?" అన్నాను.

"వద్దే. శుభమా అని పెళ్ళి చేసుకుంటూ... మీ అత్తగారేమంటుందో."

"ఈ భరిణె ఆవిడే ఇచ్చింది. పెట్టనీ పెద్దమ్మా. నా తప్పు."

ఆవిడ నుదురు ముందుకి వంచింది. భరిణె తెరిచి బొట్టు పెట్టాను. అప్పుడు పెద్దమ్మ, చిన్నపిల్లలాగా, "సరిగ్గా మధ్యలో ఉందా?" అని అడిగింది.

"అద్దంలో చూసుకో" అంటూ లోపలికి వెళ్ళాను, అద్దం తెద్దామని. ఆ గదీ ఈ గదీ వెతికాను. ఆ ఇంట్లో అద్దం లేదు. పదిహేనేళ్ళు రోజూ ఆ ఇంట్లోనే నాకు జడ వేసింది పెద్దమ్మ. ఆవిడకి అద్దం లేదన్న సంగతి నేను ఆ రోజు దాకా చూడనే లేదు.

బయటికొచ్చి, "మధ్యలోనే ఉంది పెద్దమ్మా" అన్నాను. ఆవిడ నా మాట నమ్మి, నా చెయ్యి పట్టుకుని పెళ్ళికి వచ్చింది.

పడుకో బంగారం.

కథేమో కంచి చేరింది,
కళ్ళల్లో కునుకు ఊరింది,
బుజ్జికి నిద్దర వచ్చింది,
సిగ్గొకటి నాతో మిగిలింది.