బోర్డు మీద పేరు

తాతిరాజు మాస్టారు ఈమధ్య శిష్యుల పేర్లు తప్పు పిలుస్తున్నారు. దివాకరాన్ని "నరహరీ" అంటారు. నరహరి ఎప్పుడో చదువు ముగించుకుని వెళ్ళిపోయినవాడు. దివాకరం సరిదిద్దుతాడు, మాస్టారు నాలిక కరుచుకుంటారు, సాయంత్రానికి మళ్ళీ నరహరే.

జరీనా పేరు మాత్రం ఒక్కసారీ తప్పలేదు. అదీ దివాకరం కడుపులో మంట.

వేడి గిన్నెలో గరిటె వదిలేస్తే కాసేపటికి కాడ చురుక్కుమంటుందని వంటింట్లో అందరికీ తెలుసు. ఆ వేడి అలాగే ఎందుకు పాకుతుందో అణువుల దగ్గర మొదలుపెట్టి, గణితంతో, సందేహం మిగలకుండా రుజువు చెయ్యడం మాస్టారు జన్మంతా పట్టుకున్న పని. అందులో ఒక చిన్న ముక్క దివాకరానికి ఇచ్చారు. ఏళ్ళు గడిచాయి. జుట్టు పల్చబడింది గాని ముడి వీడలేదు. నిన్నగాక మొన్న చేరిన జరీనా వేరే దారిలో వచ్చి, ఆ ముడి విప్పేశానంది.

మాస్టారి గదిలో ఒక ఆనవాయితీ ఉంది. ఒకరి రుజువు అచ్చుకి వెళ్ళేముందు ఇంకొకరు దాన్ని బోర్డు మీద మొదటినుంచి చివరిదాకా నడిపించి చూపాలి. ఈసారి బుధవారం అందరి ముందూ చేసే ఆ పని దివాకరం మీద పడింది.

"నా నోటి దగ్గరి కూడు లాక్కుని, వడ్డన కూడా నన్నే చెయ్యమంటున్నారు" అని పళ్ళు నూరుకుంటూ చదివాడు.

నడిమధ్యలో తప్పు దొరికింది. జరీనా అణువుల సంఖ్యనీ, కాలాన్నీ అనంతం దాకా పంపింది. ఏది ముందు, ఏది తర్వాత అన్న క్రమాన్ని దారిలో తారుమారు చేసేసింది. అలా చెయ్యవచ్చని రుజువేదీ లేదు. పోపు వేసేసి తర్వాత నూనె కాచినట్టు.

దివాకరానికి ప్రాణం లేచొచ్చింది. ఆ పూట అన్నం కూడా రుచిగా తిన్నాడు.

బుధవారమే బయటపెడదామనుకున్నాడు. ఆగలేక మంగళవారమే మాస్టారి దగ్గరికి వెళ్ళాడు. బోర్డు పైన "జరీనా" అని రాసి, కింద వరసగా రాసుకుంటూ వచ్చి, ఆ చోట సుద్దముక్కతో టకటకా కొట్టాడు.

"ఇక్కడండీ, పడవ మునిగింది. రేపు అందరి ముందూ అడుగుతాను. ఏం చెబుతుందో చూద్దాం."

మాస్టారు కళ్ళజోడు ఎత్తి చూశారు. "మునిగిందయ్యా, నిజమే."

"మరి మీరు దీన్ని మెచ్చుకున్నారు కదండీ!"

"ఇప్పుడూ మెచ్చుకుంటున్నాను."

లేచారు. డస్టరు వెతకలేదు. పైనున్న పేరు అరచేత్తో తుడిచేసి, ఆ చెయ్యి పంచెకి రాసుకున్నారు.

"ఇప్పుడు చూడు, నరహరీ."

"దివాకరాన్నండీ."

"ఆఁ, దివాకరం. చూస్తూ ఉండు, టీ తాగొస్తా."

గదిలో అతనొక్కడే మిగిలాడు. ఎదురుగా పేరు లేని లెక్క. మొదట ఆ చిల్లే కనిపించింది. తర్వాత చిల్లు చుట్టూ ఉన్నదీ కనిపించింది. ఎంత పొందికైన దారి! ఇది నాదైతే ఇక్కడ వదిలేస్తానా, అనుకున్నాడు.

అనుకోగానే ఒక సంగతి తట్టింది. ఆ క్రమం మార్చాలంటే, అణువులు ఎన్నున్నా, కాలం ఎంత గడిచినా దాటని ఒక హద్దు కావాలి. ఏళ్ళ తరబడి గోడకి తల కొట్టుకుని తను సంపాదించి, ఎందుకూ పనికిరాదని పక్కన పడేసింది సరిగ్గా అదే.

సుద్దముక్క అందుకున్నాడు. చొక్కా చేతులు తెల్లబడేదాకా రాశాడు. చివరి గీత గీసి తలెత్తితే, పేరుండాల్సిన చోటు ఖాళీగా ఉంది. చెయ్యి అక్కడిదాకా వెళ్ళింది.

"దివాకరన్నా, రేపటికి సిద్ధమేనా? నాకు గుండె దడదడలాడుతోంది" అంటూ జరీనా తలుపు తోసుకొచ్చింది. బోర్డు చూసి ఆగిపోయింది. తప్పు తనకే తెలిసిపోయింది.

"అయ్యో, ఇది నేను చూసుకోనే లేదు..." ఆమె కళ్ళు కిందికి దిగాయి. "ఎవరు పూడ్చారన్నా ఇది? ఇప్పుడీ రుజువు ఎవరిది?"

దివాకరం చెయ్యి ఇంకా పైనే ఉంది. దించి, సుద్దముక్క ఆమె చేతిలో పెట్టాడు.

"ఆఖరి వరస సరిగ్గా ఉందో లేదో చూడమ్మా. తొందరలో రాశాను."

"సరిగ్గా లేదు" అంది జరీనా వెంటనే.

ఇద్దరూ బోర్డుకి ముక్కులు ఆనించి వాదులాడుకుంటుండగా మాస్టారు వచ్చారు. నిలబడి అంతా చదివారు. ఖాళీగా ఉన్న పైభాగం చూశారు.

"పేరు రాయలేదేం?"

ఇద్దరూ మొహమొహాలు చూసుకున్నారు.

"మర్చిపోయామండీ" అన్నాడు దివాకరం.

"నా జబ్బు మీకూ అంటిందన్నమాట." మాస్టారు నవ్వి, కుర్చీలో కూలబడ్డారు. "సుద్దపొడి. కాస్త ఆ కిటికీ తెరువు, నరహరీ."

దివాకరం వెళ్ళి కిటికీ తెరిచాడు.