వంపులు కోసుకున్న తుంగేరు

కొండలకూ నోరున్న కాలంలో, అనగా అనగా ఒక చిన్న ఏరు ఉండేది. పేరు తుంగేరు. కొండ దిగి, మూడు పెద్ద వంపులు తిరిగి, చేల మధ్య తీరిగ్గా నడిచి పెద్ద నదిలో కలిసేది.

పెద్ద నది ఎగతాళి చేసేది. "ఏమే చెల్లీ, వస్తున్నావా, దారిలో కాపురం పెట్టావా? నత్త నీకంటే నయమే!"

తుంగేరుకు రోషమొచ్చింది.

తొలకరికి ఒళ్లు పొంగగానే మొదటి వంపును కోసేసి అడ్డంగా దూకింది. ఆ వంపులో వేటాడుకునే కొంగ "నా తిండి పోయిందమ్మా" అని ఏడ్చింది. ఏరు ఆగలేదు.

రెండో వానకు రెండో వంపునూ కోసింది. వాన వెలిసిన మర్నాటికే అక్కడి మడుగు బురదైపోయింది. గేదెలు కాసే సుబ్బులు గట్టున నిలబడి తిట్టింది. "ఓసి నీ పరుగు పాడుగాను! వీటినెక్కడ పడుకోబెట్టను, నా మంచం మీదా?"

ఏరు వినలేదు.

మూడో వంపు దగ్గర కొర్రమీను అడ్డమొచ్చింది. దాని చుట్టూ ఎర్రెర్రని పిల్లలు.

"అమ్మా, మిగిలింది ఈ మడుగొక్కటే. ఇదీ పోతే నా పిల్లలు ఎండాకాలం దాటవు."

"నాతో రా. అక్క దగ్గర నీళ్లకేం కొదవ?"

"పిల్లల్ని మింగే నోళ్లకూ కొదవ లేదమ్మా."

ఏరు మొదటిసారి వెనక్కి చూసుకుంది. మొన్నటి వాన నీరు చుక్క లేదు. అంతా ఇసుకే. ఆ ఎండింది తన ఒళ్లే!

పైన మబ్బు ఉరుముతోంది.

"సుబ్బులూ, తప్పు చేశాను. కాస్త సాయం పట్టవూ?"

"ఇప్పుడు కనబడ్డానా నేను?" అని సణుగుతూనే సుబ్బులు కోసిన చోట్ల రాళ్లు పేర్చింది. తుంగదుబ్బులు నాటింది. మట్టిపోసి గేదెలతో తొక్కించింది.

మూడో వాన దబదబా కురిసింది. "దూకు, దూకు!" అని తరిమింది. తుంగేరు పళ్లు బిగబట్టి, "దూకను" అని, పాత వంపుల వెంటే తిరిగింది. కట్టలు తడిశాయి గానీ తెగలేదు.

ఎండాకాలం వచ్చింది. తుంగేరు సన్నబడింది. మడుగులు మాత్రం ఎండలేదు. మళ్లీ తొలకరి పడ్డ పొద్దున, జానెడేసి కొర్రమీను పిల్లలు ఎదురీదుతూ కొండవైపు బయల్దేరాయి.

దారిలో నలుగుర్నీ బతికించే నడకే మనల్నీ బతికిస్తుంది.