గాజుల కొట్టు ముందు

సాయంత్రం ఆరుంపావుకు జహూర్ చేతులకంటిన మైదా జిగురు కడుక్కున్నాడు. పుస్తకాలకు అట్టలు కట్టడం అతని వృత్తి. నలభై రోజులుగా ఆ వేళకు పని ఆపేసి నేరుగా కదిలే బొమ్మల డేరాకే పోతున్నాడు. ప్రతి గురువారం గురువు నూర్ షా దగ్గర కూర్చునే అలవాటు కూడా తప్పింది.

డేరాలో అఫ్జల్‌గంజ్ బజారు బొమ్మ ఆడుతోంది. మూసీ వరదకు ముందు ఎండాకాలంలో తీసింది. మాటా లేదు, పాటా లేదు. టాంగాలు, నీళ్ళతిత్తులు మోసేవాళ్ళు, పళ్ళబండ్లు. చూసేవాళ్ళే అరుస్తారు: "అదిగో మా మేనమామ! చూడు, అప్పుడూ బీడీయే!"

గాజుల కొట్టు ముందు ఒకామె ఆగుతుంది. బేరం కుదరక, జారిన ముసుగు సర్దుకుని, ఇటు తిరిగి నవ్వి వెళ్ళిపోతుంది. ఆమె జహూర్ భార్య సకీనా. వరదలో పోయింది. శవం కూడా దొరకలేదు.

ఆ రోజు డేరా గుమ్మంలో గురువే నిలబడి ఉన్నాడు.

"నామీద అలిగావా మియా?"

"అయ్యో, లేదు హజ్రత్. ఆమె తెర దాటిపోతోంది. ఒక్క క్షణం బొమ్మ ఆపమంటే ఈ పెస్తన్‌జీ వినడు."

యంత్రం తిప్పే పెస్తన్‌జీ విసుక్కున్నాడు. "రోజూ ఇదే గోల! చెయ్యి ఆగితే దీపం వేడికి ఫిల్ము కాలిపోతుందయ్యా. ఎన్నిసార్లు చెప్పాలి?"

గురువు అతని చెవిలో ఏదో అన్నాడు. పెస్తన్‌జీ గొణుక్కుంటూ లేచాడు. గురువు జహూర్ చేతిని యంత్రం పిడి మీద పెట్టాడు.

"నువ్వే తిప్పు."

మొదట టాంగాలు పరుగెత్తాయి. తర్వాత నడకలో పడ్డాయి. గాజుల కొట్టు వచ్చింది. సకీనా వచ్చింది. జహూర్ చెయ్యి మెల్లబడింది. తెరమీద ఆమె నవ్వు కూడా మెల్లగా విచ్చుకుంది. యంత్రంలోంచి వేడి వాసన వచ్చింది.

"తిప్పు, తిప్పు!" అన్నాడు పెస్తన్‌జీ.

గురువు తెరవైపే చూస్తున్నాడు.

జహూర్ తిప్పాడు. సకీనా తెర దాటింది. ఆమె వెనకే ఒక ముసలమ్మ మేకను లాక్కుంటూ వచ్చింది. ఇన్నాళ్ళూ జహూర్ ఆమెను చూడనేలేదు.

ఆ గురువారం అతను వెళ్ళి గురువు దగ్గర కూర్చున్నాడు. ఇద్దరూ డేరా ఊసెత్తలేదు.

పది రోజుల తర్వాత డేరా విప్పుతూ పెస్తన్‌జీ చెప్పాడు: ఆ బొమ్మలో పుచ్చకాయల బండి దగ్గర ఒక ముక్క లేదట. డేరా వేసిన తొలి వారంలోనే నూర్ షా వచ్చి, తనను ఒక్కసారి తిప్పనిమ్మని అడిగాడట. వరదలో పోయిన ఆయన కొడుకు ఇటు తిరిగేచోట చెయ్యి ఆపేశాడట.