పైడమ్మ బొటనవేలి గోరు

ఒకప్పుడు మనుషుల గోళ్ళు ఇలా ఉండేవి కావర్రా! ఇప్పుడు మీ చేతులు చూసుకోండి, గులాబి రంగులో ఎంత ముద్దుగా ఉన్నాయో. అప్పట్లోనా? అబ్బో! గేదె కొమ్ములా నల్లగా, కొబ్బరి చిప్పంత మందంగా ఉండేవి. వాటి వెనక ఏముందో ఎవరికీ కనిపించేది కాదు.

కానీ ఆ గోళ్ళతో ఎన్ని పనులో! కొబ్బరికాయ పీచు గోటితోనే వొలిచేవాళ్ళు. చింతగింజలు గోటితోనే పగలగొట్టేవాళ్ళు. వీపు దురద పెడితే మాత్రం పాపం, భయంభయంగా గోక్కునేవాళ్ళు.

ఆ రోజుల్లో ఏటి ఒడ్డున ఒక మేదరి పల్లె ఉండేది. అక్కడ పైడమ్మ అని ఒకావిడ. గంపలు, చేటలు, తట్టలు అల్లడంలో ఆమెకు ఆమే సాటి. ఆ ఇంట్లో కత్తి అన్నదే లేదు. ఎందుకూ, కుడిచేతి బొటనవేలి గోరు ఉండగా? వెదురుబొంగు చివర ఆ గోరు ఆనించి ఒక్క నొక్కు నొక్కితే చాలు, సర్రుమని కణుపులన్నీ దాటుకుంటూ చివరిదాకా చీలిపోయేది! చుట్టుపక్కల పల్లెలవాళ్ళు పనిగట్టుకుని వచ్చి ఆ గోరు చూసి పోయేవాళ్ళు. గోరుకి కూడా ఆ సంగతి తెలుసు. దానికి బోలెడు టెక్కు.

పైడమ్మకి ఒక్కతే కూతురు. పేరు నూకాలు, తొమ్మిదేళ్ళు. అబ్బ, అది పిల్ల కాదు, పిడుగు! పొద్దున లేస్తే ఏటిగట్టు మీద పరుగే పరుగు.

ఆ పల్లెలో ఒక ఆనవాయితీ ఉంది. ఏటికి కొత్త నీరు వచ్చిన రోజున పండుగ చేస్తారు. కొత్తగా అల్లిన గంపలో పువ్వులూ పసుపూ పెట్టి, ఒక ఆడపిల్ల తలమీద ఎత్తుకుని, బండల మీదుగా నీళ్ళ దాకా నడవాలి. ఆ ఏడు గంపెత్తే వంతు నూకాలుది. పైడమ్మకి కాలు నేలమీద నిలవలేదు.

గంపెత్తే పిల్ల తెల్లగా మెరిసిపోవాలని ఆ ఊళ్ళో అందరి కోరిక. అందుకని నెలల ముందునుంచే పిల్లకి అన్నీ తెల్లవే పెడతారు. తెల్లన్నం, గంజి, పాలు, కొబ్బరి. ఆకుకూర ముట్టనివ్వరు, చేప ముట్టనివ్వరు. ఎండకి పోనివ్వరు. తెల్లవి తింటే తెల్లబడతారట! ఎవరు చెప్పారో ఏమో, అందరూ నమ్మేశారు.

నమ్మరూ మరి? నూకాలు నిజంగానే తెల్లబడింది!

"వదినా, వదినా! పిల్లకి ఎంత రంగు తేలిందో చూడు. పాలమీగడలా లేదూ!" అని పక్కింటి సూరీడమ్మ బుగ్గలు పుణికింది.

పైడమ్మ పొంగిపోయి ఇంకో గ్లాసు గంజి పట్టించింది. పిల్ల పరుగులు మానేసినా, "గంపెత్తే పిల్ల కదా, నెమ్మది వచ్చింది" అనుకుంది. నాలుగడుగులు వేస్తే ఆయాసపడుతున్నా, "ఉక్క మరి" అనుకుంది. చాటుగా గోడకున్న సుద్ద గీకి తింటుంటే కూడా నవ్వేసి, "పోనీలే, అదీ తెల్లదే" అంది. చూశారా తల్లి పిచ్చి!

పండుగ ఇంక మూడు రోజులుందనగా నూకాలు గుమ్మం దిగబోయి, అక్కడే దబ్బున కూలిపోయింది.

"అమ్మో, నా తల్లో!" అంటూ పైడమ్మ చేతిలో వెదురుబద్దలు పారేసి పరుగెత్తింది. ముఖాన నీళ్ళు కొట్టింది. ఉప్పూ మిరపకాయలూ తిప్పి దిష్టి తీసింది. సూరీడమ్మ విసనకర్రతో విసిరింది. పిల్ల కళ్ళు తెరిచింది గానీ లేచి కూర్చోలేకపోయింది. "అమ్మా, గుండె దడదడలాడుతోందే" అని మాత్రం అంది. ఏమైందో ఎవరికి తెలుసు? లోపలి సంగతి లోపలే ఉంది, పైకి చూస్తే పిల్ల పాలమీగడలా ఉంది.

పైడమ్మ కూతుర్ని ఎత్తుకుని ఏటి ఒడ్డున చల్లగాలికి పడుకోబెట్టింది. పక్కన కూర్చుని ఏడవడం తప్ప ఆమెకి ఏమీ తోచలేదు.

అప్పుడు వచ్చిందర్రా తూనీగ! గిర్రున ఒక చుట్టు చుట్టి, నిటారుగా ఉన్నది ఏదైనా కనిపిస్తే దాని కొసన వాలడం దాని అలవాటు కదా. నూకాలు చూపుడువేలు కొసన వాలింది. వాలిందో లేదో, ఎగిరి గంతేసింది.

"ఓయమ్మా! లోపల ఎవరో తలుపు కొడుతున్నారు!" అని అరిచింది.

అవునర్రా, అప్పుడు పురుగులూ మాట్లాడేవి, గోళ్ళూ మాట్లాడేవి. అసలు నోరు లేనిది ఎవరికి!

"తలుపేమిటే?" అంది పైడమ్మ ముక్కు చీదుతూ.

"ఈ గోరేనమ్మా తలుపు! చెవి పెట్టి విను. డబ్, డబ్, డబ్! పాపం, ఎవరో చాలా నీరసంగా కొడుతున్నారు!"

పైడమ్మ గబగబా పిల్ల వేలు చెవికి ఆనించుకుంది. డబ్... డబ్... అవును!

"ఏయ్ గోరూ! నీ వెనక ఉన్నదెవరు?" అని గద్దించింది.

"నెత్తురు," అంది నూకాలు వేలిగోరు విసుగ్గా. "నెల రోజుల నుంచి ఒకటే గోల. అమ్మకి కబురు చెప్పాలి, అమ్మకి కబురు చెప్పాలి అని!"

"మరి నాకు చెప్పలేదేం?"

"నా పని కాపలా కాయడం. బయటిది లోపలికి రానివ్వను, లోపలిది బయటికి పోనివ్వను. కబుర్లు మోయడం నా పని కాదు."

"నీ కాపలా తగలెయ్య! తలుపు తియ్యి!"

"నా ఒక్కదాని ఇష్టమా? మా గోళ్ళది అంతా ఒకటే కట్టుబాటు. పల్చబడితే అన్నీ పల్చబడాలి, లేదంటే ఏదీ లేదు. మా పెద్దని అడుక్కో."

"ఎవరే మీ పెద్ద?"

"ఇంకెవరు? నీ బొటనవేలి గోరే!"

పైడమ్మ తన బొటనవేలు పైకెత్తి చూసుకుంది. నల్లగా నిగనిగలాడుతూ పెద్ద గోరు ఆమెనే చూస్తోంది.

"నన్నే పల్చబడమంటున్నావా?" అంది అది. "బాగా ఆలోచించుకో పైడమ్మా. రేపు వెదురు ఎవరు చీలుస్తారు? గంప ఎలా అల్లుతావు? ఏం తిని బతుకుతావు?"

ఆ మాట నిజమే మరి. పుట్టి బుద్ధెరిగిన దగ్గరనుంచి ఆమె బతుకంతా ఆ గోటి మీదే. ఊళ్ళో ఆమెకున్న పేరూ దాని వల్లే. ఒకసారి గోరు వంక చూసింది. ఒకసారి పిల్ల వంక చూసింది. పిల్ల పెదవులు కూడా పాలిపోయి ఉన్నాయి.

"నా పిల్లే పోయాక నాకు తిండెందుకే?" అంది. "నిన్ను పెంచింది నేను. నీకు పేరు తెచ్చింది నేను. నా బిడ్డ కోసం అడుగుతున్నా, దిగి రా!"

గోరుకీ తెలుసు, ఆ పిల్లని ఎన్నిసార్లు చంకనెత్తుకున్న చెయ్యో అది.

"పల్చబడటం నొప్పి కదా," అంది చివరికి, చిన్న గొంతుతో. పాపం, అంత టెక్కు గోరుకీ భయమేసింది.

"ఏం కాదు, ఏం కాదు!" అని తూనీగ దాని చుట్టూ గిరగిరా తిరిగింది. "నన్ను చూడు! నేనూ ఒకప్పుడు ఈ ఏటి అడుగున బురదలో పురుగునే. ఒళ్ళంతా పెంకే. దాన్ని వదిలేశాకనే ఈ రెక్క వచ్చింది. చూడు చూడు, అవతలున్న కొండ కూడా కనిపిస్తుంది!"

గోరు ఆ రెక్కలోంచి కొండ చూసింది. దానికి ముచ్చటేసింది.

"సరే," అంది. "ఒక్క కోరిక. నా పాత మందంలో ఓ చిన్న ముక్క నా మొదలు దగ్గర దాచుకుంటాను. నేనూ ఒకప్పుడు గట్టిదాన్నేనని గుర్తుగా."

"దాచుకో తల్లీ, దాచుకో!" అని పైడమ్మ బొటనవేలు ఏటిబండకి ఆనించి బరబరా రుద్దడం మొదలెట్టింది. నల్లపొర లేచిపోయింది. బూడిదరంగు పొర లేచిపోయింది, అడుగునున్న తెల్లపొర గోటి మొదట్లో మాత్రం కాస్త మిగిలింది. మంట! అబ్బబ్బ, కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అయినా చెయ్యి ఆపలేదు. తూనీగ "ఇంకొంచెం! ఇంకొంచెం!" అని ఎగిరెగిరి పడుతోంది.

ఒక్కసారిగా గోటిలోంచి వెలుగు దూరింది. అంతే! చిటచిటచిటా, లోకంలో ఉన్న మనుషులందరి గోళ్ళ మీదినుంచి పెంకులు రాలిపోయాయి! ఊళ్ళో కొబ్బరికాయ వొలుస్తున్న సూరీడమ్మ, చేతిలో కాయతో, "ఇదేం చోద్యమే!" అని నోరు వెళ్ళబెట్టింది. మేకల్నీ పులుల్నీ కూడా తూనీగ అడిగింది గానీ అవి ససేమిరా అన్నాయి. అందుకే వాటి గిట్టలూ గోళ్ళూ ఇంకా అలాగే ఉన్నాయి.

పైడమ్మ మాత్రం అవేమీ చూడలేదు. పిల్ల చెయ్యి అందుకుంది. తన గోరు చూసుకుంది, దాని కింద ఎర్రగా, గులాబిరంగుగా ఉంది. పిల్ల గోళ్ళు చూసింది. పదికి పదీ తెల్లగా, సుద్దలా పాలిపోయి ఉన్నాయి!

"అమ్మయ్యా, ఇప్పటికి కనబడ్డానా," అని లోపలినుంచి నెత్తురు నీరసంగా పిలిచింది. "చూడు పైడమ్మా, ఎలా అయిపోయానో. నీ పిల్లకి రంగు రాలేదమ్మా. నా రంగు పోయింది."

పైడమ్మ గొల్లుమంది. "నేనే చేశానే! నా చేతులతో నేనే గంజి పోశానే!"

"ఏడుపు తర్వాత! ముందు నాకు కూడు పెట్టు," అంది నెత్తురు. "తోటకూర వండు. మునగాకు వండు. నువ్వులూ బెల్లం దంచి ఉండలు చెయ్యి. ఇంత ఏరు పక్కనే పెట్టుకుని పిల్లకి ఒక్క చేప పెట్టవేం? ఆ సుద్ద మాత్రం ముందు మాన్పించు. ఊరి వైద్యుడికి ఈ చెయ్యి చూపించు. ఇప్పుడు ఆయనకీ కనిపిస్తాను."

అదే సమయానికి సూరీడమ్మ రుసరుసలాడుతూ గట్టు దిగి వచ్చింది. "ఏం చేశావ్ వదినా! ఊరందరి గోళ్ళూ రాలగొట్టావ్! రేపటినుంచి కొబ్బరికాయలు నీ తలతో కొట్టుకోవాలా?"

పైడమ్మ ఆమె చెయ్యి పట్టుకుని పిల్ల చెయ్యి పక్కన పెట్టింది. సూరీడమ్మ గోళ్ళూ అంత తెల్లగానే ఉన్నాయి! పోయిన నాలుగేళ్ళూ తన తిండి పిల్లలకి పెట్టి, మిగిలిన గంజి తాగి పడుకుంది కదా. ఆమె కోపమంతా చప్పున చల్లారిపోయింది. "అందుకేనా వదినా, బిందె ఎత్తితే నాకు కళ్ళు తిరిగేది?" అని అక్కడే కూలబడింది. ఆ సాయంత్రం ఊళ్ళో ప్రతి తల్లీ తన పిల్లల చేతులు పట్టుకు చూసింది. ఇంకో ముగ్గురు ఆడపిల్లల గోళ్ళూ తెల్లగా కనిపించాయి. ఐదిళ్ళలోనూ తోటకూర ఉడికింది.

ఆ ఏడు నూకాలు గంపెత్తలేదు. గోరు ముందే చెప్పింది, "నాది నత్తనడక. మొదట్లో పుట్టిన కొత్త గోరు కొసకి రావడానికి ఆరు నెలలు పడుతుంది. తొందరపెట్టకు" అని. పైడమ్మ రోజూ చూసేది. కొన్నాళ్ళకి తెలుపు విరిగి, లేత గులాబిరంగు వచ్చింది! చూసిన రోజు ఆమె వీధంతా తిరిగి అందరికీ చూపించింది.

వెదురు మాటేమిటంటారా? పైడమ్మ తొలిసారి కత్తి కొనుక్కుంది. నాలుగుచోట్ల వేళ్ళు తెగ్గోసుకుంది, నానా తిట్లూ తిట్టింది, చివరికి నేర్చుకుంది. మరుసటేడు కొత్త నీరు వచ్చినప్పుడు ఆ కత్తితో చీల్చిన బద్దలతోనే గంప అల్లింది. నూకాలు ఎండకి నల్లబడి, గోళ్ళు ఎర్రగా మెరుస్తుండగా, ఆ గంపెత్తుకుని బండల మీద చెంగుచెంగున నడిచింది. దాని వేగానికి డప్పులవాళ్ళే వెనకబడ్డారు!

గోరు మాత్రం లోపలి కబురు పైకి చెప్పే తన కొత్త కొలువు మానలేదు. గట్టి జ్వరం వచ్చి తగ్గితే అడ్డంగా ఒక గాడి గీసి ఉంచుతుంది. నెత్తురు మరీ ఎక్కువకాలం తక్కువగా ఉంటే గరిటెలా గుంటపడుతుంది. ఊపిరి సరిగ్గా అందకపోతే నీలంగా మారుతుంది. అలాగని ఒక్క తెల్లచుక్క కనిపించగానే గగ్గోలు పెట్టకండర్రా, అది ఎప్పుడో తలుపుసందులో వేలు పడిన గుర్తు కావచ్చు. లోపల ఏదో తేడా ఉందని చెప్పడం వరకే గోటి పని. అదేమిటో తేల్చడం వైద్యుడి పని.

ఏదీ, మీ బొటనవేలు చూడండి. గోటి మొదట్లో తెల్లగా, నెలవంకలా కనిపిస్తోందా? అదే ఆ పెద్దగోరు దాచుకున్న ముక్క! ఇప్పుడు గోరు కొంచెం నొక్కి వదలండి. తెల్లబడిందా? చూడండి, చూడండి, మళ్ళీ ఎర్రబడింది! అప్పటినుంచే, ఎప్పుడు నొక్కినా సరే, నెత్తురు గోటి దాకా పరుగెత్తుకొచ్చి, "ఉన్నానమ్మా, ఇక్కడే ఉన్నాను" అని చెప్పి పోతుంది.