తలలేనివారి గదికి దారి

మేదినికి ఒకటే బాధ. నక్క వేషం కుట్టడం పూర్తయి నెలలు గడుస్తున్నా సుగుణమణి మేడమ్ "పెట్టుకో" అనడం లేదు.

ఆ మాట పడనిదే తోకల సంఘంలో ఎవరూ నలుగురి ముందు వేషం తల పెట్టుకోరు. హన్మకొండలో జంతువేషాలు కుట్టుకుని తొడుక్కునేవాళ్ళ సంఘం అది. పులులున్నాయి, కుందేళ్ళున్నాయి, ఇన్‌కమ్‌టాక్స్ ఆఫీసులో పనిచేసే ఉడుము ఒకటుంది. వారమంతా మనుషుల్లాగే తిరుగుతారు. ఆదివారం వచ్చిందంటే బొచ్చుబట్టలోకి దూరిపోతారు.

వాళ్ళందరికీ గురువు సుగుణమణి. కాలేజీలో జువాలజీ చెప్పి రిటైరయ్యారు. ఆవిడ వేషం దేవాంగపిల్లి. గుడ్లు విప్పార్చి, కొమ్మను పట్టుకున్నట్టు కుర్చీ చేతులు పట్టుకుని, కదలకుండా కూర్చుంటారు. వేషం తీసేశాక కూడా పెద్ద తేడా ఉండదు.

మేదిని అలా కాదు. కూర్చోదు, కూర్చోనివ్వదు. ఆ లోకంలో ఆమెకి తెలియని మాట లేదు. వేషాన్ని వేషం అంటే ఊరుకోదు, ఫర్సూట్ అనాలి. లోపలి మనిషి తనకని ఎంచుకున్న జంతువు ఫర్సోనా. తలా చేతులూ తోకా మాత్రమే జంతువువి, తక్కిన ఒళ్ళంతా మామూలు బట్టలూ అయితే అది పార్షియల్. ముక్కు మీద వేలితో తాకితే బూప్. తల పెట్టుకున్నవాళ్ళకి సరిగ్గా కనపడదు, సగం వినపడదు కాబట్టి పక్కన చెయ్యి పట్టుకుని నడిపించే మనిషి ఉండాలి. ఆ మనిషి హ్యాండ్లర్.

ఇవన్నీ మేదిని ఇంటర్నెట్‌లో దేశదేశాల జంతువులతో వాదించి నేర్చుకుంది. ఒకసారి ఒక జర్మనీ తోడేలు చేత తోక విషయంలో క్షమాపణ కూడా చెప్పించింది.

ఏటా జరిగే సమ్మేళనం ఆ ఆదివారం ఒక ఫంక్షన్ హాల్లో. కింది అంతస్తు తోకల సంఘానిది. పైన ఎవరిదో నిశ్చితార్థం. బోర్డులు రాసే పని మేదిని తీసుకుంది. పొద్దున్నే హాలు మేనేజరు ఒక బోర్డు చేత్తో పట్టుకుని వచ్చాడు.

"మేడమ్, ఇదేంది?"

బోర్డు మీద పెద్ద అక్షరాలతో ఉంది: తలలేనివారికి మాత్రమే ప్రవేశం.

"హెడ్‌లెస్ లౌంజ్ అండీ," అంది మేదిని. "తలలు తీసి, కాసేపు ఫ్యాన్ కింద కూర్చునే గది. ఆ గదిలో తప్ప ఇంకెక్కడా తల తియ్యకూడదు. పిల్లలు చూస్తే మ్యాజిక్ పోతుంది."

"పైన పెండ్లిపిలగాని మేనమామ సదివిండు. మా అల్లునికి లోపల సోటుంటదా అని అడుగుతుండు."

"దానికి నేనేం చెయ్యను?"

"ఉడుకపోస్తే కూసునే రూమని రాస్తే అయిపాయె గదా."

"అది వర్ణన అవుతుందండీ. పేరు కాదు."

మేనేజరు బోర్డు ఎక్కడిదక్కడ తగిలించి వెళ్ళిపోయాడు.

పదకొండు కావస్తుండగా ఒక పెద్దమనిషి పెద్ద చేతిసంచితో గుమ్మంలో నిలబడ్డాడు. పేరు ఓదెలు, ప్రభుత్వ బడిలో లెక్కల సారు. సంచిలోంచి నల్లటి తల ఒకటి బయటికి తీశాడు. వెదురుబుట్ట మీద రగ్గు కుట్టినట్టుంది. చెవులు ఒకటి పెద్దది, ఒకటి చిన్నది.

"గుడ్డెలుగు," అన్నాడు సిగ్గుపడుతూ. "చెవులు మా ఇంటామె కుట్టింది. బుర్ర నేనే చేసిన."

"బుర్ర కాదు సార్, హెడ్."

"అదే గదా బిడ్డా."

"అదే కానీ, అది కాదు. మీది ఫుల్ సూటా, పార్షియలా?"

ఓదెలు సారు తన చొక్కా, ప్యాంటు వైపు చూసుకున్నాడు. "ఇవి నా బట్టలే," అన్నాడు.

"అయితే పార్షియల్. మీ ఫర్సోనా ఏంటి?"

"అంటే?"

"మీరు ఏ జంతువు?"

"నేను లెక్కల సారును బిడ్డా. మా బడిల పిల్లలు లెక్కలంటే ఉరుకుతున్నరు. గుడ్డెలుగు చెప్తే ఇంటరేమోనని."

"సూట్‌లో ఉండగా మాట్లాడకూడదు సార్. అది మొదటి నియమం."

"మరి ఎక్కాలెట్ల చెప్పాలె?"

మేదిని వినపడనట్టు గుమ్మం బోర్డు సరిచేసింది. ఓదెలు సారు గొంతు తగ్గించాడు. "ఇది పెట్టుకుంటే నాకు ఏం కనబడతలేదు. పట్టుకొని తిప్పనీకి ఎవరన్న తోడుపెండ్లికొడుకు దొరుకుతడా?"

"హ్యాండ్లర్."

"హ్యాండిలర్."

"హ్యాండ్లర్. మధ్యలో డి అనకండి."

వెనకాల కుందేళ్ళు రెండు కిసుక్కుమన్నాయి. ఓదెలు సారు ఇంకోసారి పలికి చూడలేదు. గుడ్డెలుగు తలను సంచిలో పెట్టి, చెవులు నలగకుండా సర్దాడు.

"మీ మాటలన్ని నేర్సుకొని మల్లొస్తా బిడ్డా," అన్నాడు.

మేదిని అప్పటికే సుగుణమణి కుర్చీ వైపు నడుస్తోంది. ఇంకా తొడుక్కోని దేవాంగపిల్లి తల ఒళ్ళో పెట్టుకుని ఆవిడ అటే చూస్తున్నారు.

"మేడమ్, ఒక్క మాట. ఈ సంఘంలో నాకన్నా ఎక్కువ తెలిసినవాళ్ళు ఎవరన్నా ఉన్నారా?"

"లేరు."

"నా సూట్‌లో ఒక్క కుట్టైనా వంకరగా ఉందా?"

"లేదు."

"నా తరవాత చేరిన ఉడుము కూడా తల పెట్టుకుని తిరుగుతోంది. ఆయన ఇప్పటికీ బూప్‌ని బుస్ అంటాడు. నాకెందుకు ఇవ్వరు? కారణం చెప్పండి, ఒప్పుకుంటాను. చెప్పకపోతే ఇది అన్యాయమే అవుతుంది."

సుగుణమణి మేడమ్ తొందరపడలేదు. దేవాంగపిల్లి చెవి మీద దుమ్ము దులిపారు.

"పెట్టుకో," అన్నారు.

మేదిని ఇంకో నాలుగు వాదనలు సిద్ధం చేసుకుని వచ్చింది. అవన్నీ అలాగే మిగిలిపోయాయి.

"ఇప్పుడేనా?"

"ఇప్పుడే. తల ఉన్నంతసేపూ నోరు విప్పకూడదు. విప్పావా, వచ్చే సమ్మేళనం దాకా అది పెట్టెలోనే."

"తెలుసు మేడమ్. హ్యాండ్లర్ ఎవరు?"

ఆవిడ గడ్డంతో గుమ్మం వైపు చూపించారు. సంచి జిప్పు పట్టక దానితో కుస్తీ పడుతున్నాడు ఓదెలు సారు.

"ఆయనకి మన చేతి గుర్తుల్లో ఒక్కటి కూడా రాదు మేడమ్."

"నీకు వచ్చుగా," అన్నారు సుగుణమణి.

అలా మేదిని నక్క అయ్యింది. హాల్లోకి అడుగుపెట్టగానే నలుగురూ పక్కకి జరిగి చూశారు. బొచ్చు నిప్పులా ఉంది. కళ్ళు ఎటునుంచి చూసినా మనల్నే చూస్తున్నట్టున్నాయి. ఓదెలు సారు ఆమె పంజాను రెండు చేతులతో పట్టుకుని, పరీక్ష పేపర్ల కట్టను మోస్తున్నంత జాగ్రత్తగా నడిపించాడు. మెట్టొస్తే "మెట్టు" అన్నాడు. కుర్చీ వస్తే "కుర్సీ" అన్నాడు. పై అంతస్తు నుంచి పట్టులంగాల పిల్లలు పరుగెత్తుకొచ్చి చుట్టూ మూగారు. ఒకమ్మాయి ముక్కు తాకింది. మేదిని తల వంచి తిరిగి తాకింది. లోపల ఎవరికీ కనపడని నవ్వు నవ్వుకుంది.

అప్పుడే నక్క మూతి లోపల గాలి కోసం అమర్చుకున్న చిన్న ఫ్యాన్ ఆగిపోయింది.

మొదట చెమట. తరవాత కళ్ళ జాలీకి ఆవిరి పట్టింది. పిల్లలు మసకై, హాలంతా మసకై, చెవుల్లో తన ఊపిరి తనకే బస్సు ఇంజనులా వినపడసాగింది. అయినా కంగారు పడలేదు. ఇలాంటప్పుడు ఏం చెయ్యాలో ఆమెకి తెలుసు. రెండు చేతులూ ఎత్తి గుండె మీద అడ్డంగా పెట్టింది. తల తియ్యాలి, గదికి తీసుకెళ్ళు అని దాని అర్థం.

ఓదెలు సారు ఆ చేతుల్ని శ్రద్ధగా చూశాడు. ఆయన ముఖం వెలిగిపోయింది.

"ఇంటూ," అన్నాడు. "నక్క మనల్ని లెక్కలడుగుతున్నది. ఏడు ఇంటూ ఎనిమిది ఎంత?"

"యాభై నాలుగు," అన్నాడొక పిల్లాడు.

మేదిని కాదు కాదని తల అడ్డంగా ఊపింది.

"తప్పట. ఇంకెవరు చెప్తరు?"

"యాభై ఆరు," అంది ముక్కు తాకిన పిల్ల.

మేదిని ఈసారి చేతులు గట్టిగా, చప్పుడయ్యేలా అడ్డం వేసింది.

"మల్లా ఇంటూ. తొమ్మిది ఇంటూ ఆరు."

పిల్లలు అరిచారు. వాళ్ళ వెనక పెద్దవాళ్ళు చేరారు. పెళ్ళికొడుకు మేనమామ తనకి పదమూడో ఎక్కం కూడా వచ్చని ప్రకటించి, సగంలో ఆగిపోయాడు. మేదిని నిరాశతో ఒక చెయ్యి కిందికి జార్చేసింది, రెండోది అడ్డంగానే ఉండిపోయింది. ఓదెలు సారు దాన్ని తీసివేత అనుకున్నాడు.

లోపల ఒక్క మాట నాలుక చివర కూర్చుంది. "నీళ్ళు." అంతే. ఆ ఒక్క మాట అంటే చాలు, గండం గడుస్తుంది. అంటే, ఏడాది పాటు నక్క పెట్టెలో ఉంటుంది. గది ఎటుందో కనపడదు. అడుగు వేస్తే కాళ్ళ చుట్టూ పిల్లలు. ఎదురుగా ఎక్కడో సుగుణమణి మేడమ్ కూర్చుని ఉంటారు. కూర్చునే ఉంటారు, ఆవిడ సంగతి తెలిసిందే.

మేదిని ఓదెలు సారు భుజం మీదికి ఒరిగింది.

ఆయన నవ్వు ఆగిపోయింది. పంజాలోపలి చెయ్యి తడిగా, వేడిగా తగిలిందో ఏమో, వంగి నక్క చెవిలో నోరు పెట్టాడు.

"బిడ్డా, ఆడుతున్నవా, ఆపతిల ఉన్నవా? ఆపతైతే నా ఏలు ఒత్తు."

మేదిని ఒత్తింది. ఓదెలు సారు కళ్ళలో నీళ్ళు తిరిగేంత గట్టిగా ఒత్తింది.

"లెక్కలు అయిపోయినయి, పోయి లడ్డూలు తినున్రి," అని పిల్లల్ని పంపేశాడు. "ఉడుకపోస్తున్నదా?" ఒత్తింది. "ఈ పక్కకా?" ఒత్తలేదు. "ఆ పక్కకా?" ఒత్తింది. అలా అడుగుతూ, ఒత్తించుకుంటూ గది దాకా తీసుకొచ్చాడు. తలుపు దగ్గర ఆగి బోర్డు చదివాడు.

"తలలేనోళ్ళకేనట బిడ్డా," అన్నాడు దిగులుగా. "నీకున్నది గదా."

మేదిని జీవితంలో అంత వాదించాలనిపించిన క్షణం ఇంకోటి లేదు. వేలు ఒత్తింది. ఒత్తి, వదిలి, మళ్ళీ ఒత్తింది. ఓదెలు సారు బోర్డుని చూశాడు, వేలిని చూసుకున్నాడు. భుజంతో తలుపు తోసేశాడు.

తలా పంజాలూ తీశాక మేదిని జుట్టంతా నుదుటికి అతుక్కుపోయి ఉంది. ఓదెలు సారు ఫ్యాన్ ఆమె వైపు తిప్పి, నీళ్ళ సీసా మూత తీసి ఇచ్చాడు. ఆమె తాగింది, మిగిలింది నెత్తిన పోసుకుంది. ఊపిరి సర్దుకుంటుండగా సుగుణమణి మేడమ్ మెల్లగా లోపలికి వచ్చి ఎదురుగా కూర్చున్నారు.

"మాట్లాడలేదు మేడమ్," అంది మేదిని మొదటి మాటగా.

"చూశాను."

"గుర్తు కూడా సరిగ్గానే చూపించాను. రెండు చేతులూ గుండె మీద అడ్డంగా. మనవాళ్ళు ఎక్కడికెళ్ళినా అదే గుర్తు. అందులో తప్పేం లేదు."

"లేదు," అన్నారు సుగుణమణి. "ఎవరికి చూపించావు?"

మేదినికి ప్రశ్న పూర్తయ్యేలోగా జవాబు తయారుగా ఉంటుంది. ఇప్పుడూ నోరు తెరిచింది. పక్కన ఓదెలు సారు ఎర్రగా వాచిన వేలికి తడి రుమాలు చుట్టుకుంటున్నాడు. ముడి పళ్ళతో బిగిస్తున్నాడు. ఎవరినీ ఏమీ అనడం లేదు.

ఆమె నోరు మూసుకుంది.

"తల ఆరబెట్టుకో," అన్నారు సుగుణమణి. "సాయంత్రం అందరం బజారు దాకా నడుస్తున్నాం. నువ్వూ రావాలి."

ఓదెలు సారు లేచి సంచి భుజానికి తగిలించుకున్నాడు. "నేనింక పోతా మేడమ్. ఆమెకు మంచిగైంది గదా."

మేదిని అడ్డం వచ్చి సంచి తీసుకుంది. జిప్పు లాగి గుడ్డెలుగుని బయటికి తీసింది. చిన్న చెవి లోపలికి మడత పడి ఉంటే వేలితో సరిచేసింది.

"వంగండి సార్," అంది.

ఆయన వంగాడు. పెట్టుకోమన్నట్టు సుగుణమణి తల ఊపారు. ఆమె తలను ఆయన భుజాల మీద సర్ది, బుట్ట గుచ్చుకోకుండా మెడ చుట్టూ, పొద్దున ఆ గదిలో విడిచిన తన చున్నీ మడిచి పెట్టింది. తరవాత వేలికి రుమాలు లేని చెయ్యి చూసి పట్టుకుంది.

రగ్గు లోపల్నించి గొంతు బొంగురుగా వినపడింది. "బిడ్డా, నాకు ఉడుకపోస్తే ఏ గుర్తు చూపియ్యాలె?"

"మీకేది తోస్తే అది చూపించండి సార్," అంది మేదిని. "నేను చూస్తుంటాను."